దెబ్బల బొమ్మల మాస్టారు

కొక్కెం గాల్లోకి లేచింది. ఆరోన్ మాస్టారు చెయ్యి తియ్యలేదు.

అట్టల మిల్లు యార్డులో ఆ పూట కాగితాలు ఏరుతున్న ఆడవాళ్ళందరూ చూశారు. అందరికంటే దగ్గర్నుంచి చూసింది రత్నమాణిక్యం. విప్పిన కాగితాల బేలు ముందు కాళ్ళు చాపుకుని కూర్చున్న ఆ ముసలమ్మ మోకాలికి జానెడు దూరంలో ఒక అమెరికా బొమ్మల పుస్తకం పడి ఉంది. దాని మీద మాస్టారి ఎడమ అరచెయ్యి. ఆ చేతి మీదకి మేస్త్రీ వెంకటరాజు బేళ్ళు లాగే ఇనప కొక్కెం దిగింది. బొటనవేలికీ చూపుడువేలికీ మధ్యనున్న మెత్తటి చోట గుచ్చుకుని, మొన అవతలికి తేలింది. రక్తం వెంటనే రాలేదు. వచ్చాక మాత్రం మాణిక్యం పాదాల దాకా వచ్చింది.

“తియ్యమని చెప్పేనా లేదా?” అన్నాడు వెంకటరాజు. బెదిరిద్దామని ఎత్తిన కొక్కెం, అవతలివాడు బెదరకపోయేసరికి దింపక తప్పలేదు అతనికి. ఇంకా గట్టిగా అరిచాడు. “కొక్కెం పడ్డది మిల్లుది! పుస్తకం ఇటు పడెయ్యండి!”

అది ఆ యార్డు కట్టుబాటు. కాకినాడ రేవులో దిగి, లారీలెక్కి, కాలవ గట్టు రోడ్డున ఊగుతూ వచ్చే బేళ్ళ నిండా అమెరికా వాళ్ళు పారేసిన కాగితమే. వైరు తెంపగానే జలజలా రాలినవాటిలో కొక్కెం పడకముందు చేతికి దొరికింది ఏరినవాళ్ళది. కొక్కెం పడ్డది మిల్లుది, గుజ్జు తొట్టిలోకి పోతుంది. ఎవరు పెట్టారో తెలియదు. ఓనర్లు మారినా అది మారలేదు. ఆ పుస్తకం మాణిక్యానికి దొరికింది, ఆమె మాస్టారికి ఇచ్చింది. వెంకటరాజుకి ఆ వేళ ఎందుకో ఒళ్ళు మండింది.

“ఆయ్, కట్టుబాటు కట్టుబాటేనండి రాజుగారూ,” అన్నాడు మాస్టారు. మొహం సున్నం కొట్టినట్టు తెల్లబడింది గానీ మాట తొణకలేదు. కొక్కెంతో సహా చెయ్యి పైకెత్తి, రెండో చేత్తో పుస్తకం తీసి అటూ ఇటూ తిప్పి చూపించాడు. “పుస్తకానికి చిల్లు లేదండి. చిల్లు నా చేతికి పడింది. మిల్లుది నా చెయ్యి. తీసుకుపొండి, గుజ్జులో వేసుకోండి. ఎడం చెయ్యేలెండి, నేను రాసేది కుడిచేత్తో.”

వైరు తెంపే గంగయ్య బోసినోటితో ముందు నవ్వాడు. “అట్ట గట్టిగా వస్తాదండి రాజుగారూ! ఎముక తప్ప కండేదీ మాస్టారి చేతికి?”

ఇక ఆడవాళ్ళను ఆపడం ఎవరి తరం? పైటలు నోట్లో కుక్కుకుని మరీ నవ్వారు. వెంకటరాజు కొక్కెం ఒక్క గుంజు గుంజాడు. మాస్టారు కెవ్వుమన్నాడు. అయినా పుస్తకం చంకలోనే ఉంది. మేస్త్రీ వెనక్కి తిరిగి వెళ్ళిపోయాడు. ఆ యార్డులో అతను ఓడిపోవడం అదే మొదలు.

“రోషం ఉంటే చాలదు నాయనా, ఒంట్లో రక్తం కూడా ఉండాలి,” అంది మాణిక్యం, తన తలగుడ్డ విప్పి ఆ చేతికి కట్టు కడుతూ. “కోడి కన్నా తక్కువున్నారు, ఇదంతా పారబోసేసేరు.”

ఆరోన్‌ది కాలవ అవతల పేట. తండ్రి చిట్టియ్య కొబ్బరి దింపు మనిషి. వారమంతా చెట్లెక్కేవాడు, ఆదివారం చర్చి గంట కొట్టేవాడు, ఏ వారమైనా కొడుకుని కొట్టేవాడు. కొబ్బరి మట్టతో కొట్టేవాడు. పచ్చి మట్ట వంగుతుంది, ఎండు మట్ట విరుగుతుంది, అందుకని నడితరం మట్ట చూసి దాచుకునేవాడట. చర్చికి అమెరికా నుంచి పాత బట్టల పెట్టె వస్తే, దాని అడుగున ఒక బొమ్మల పుస్తకం దొరికింది ఆరోన్‌కి. చర్చి మెట్ల మీదే కూర్చుని చూస్తున్నాడు. మొలకి తప్ప బట్ట లేని మగాడు ఇంకో మగాడి దవడ పగలగొడుతున్న బొమ్మ. ఆదివారం పూట, ప్రభువు మెట్ల మీద! చిట్టియ్య మట్ట తీశాడు. మట్ట నిలువునా చీలిపోయేదాకా కొట్టాడు.

ఆ సంగతి మాస్టారు యార్డులో టీ తాగుతూ చెప్పాడు, ఎవరి కథో చెబుతున్నట్టు.

“దెబ్బలు తింటూ కూడా ఆ బొమ్మే చూస్తున్నానండి మామ్మగారూ. పుస్తకంలోవాడికి దవడ పగిలితే తల చుట్టూ చుక్కలు లేచేయి. ఎర్రవి, పసుపువి. నాకేం చుక్కలు కనపడలేదండి. చిట్టియ్య గారి కాళ్ళు కనపడ్డాయి. మడమలకి పగుళ్ళు. అప్పుడనుకున్నాను, ఈ బొమ్మ గీసినాయన ఎప్పుడూ తన్నులు తినుండడని.”

“తిన్నవాడికి గీసే ఓపికెక్కడిది?” అంది మాణిక్యం.

“అదేనండి నా పుస్తకం,” అన్నాడు మాస్టారు.

ఆయన హైస్కూల్లో ఇంగ్లీషు చెప్పేవాడు. బెత్తం ముట్టేవాడు కాదు. తోటి పంతుళ్ళు ఎగతాళి చేసినా, పిల్లలు నెత్తికెక్కినా ముట్టలేదు. ‘నా చెయ్యి ఎవరి మీదా లేవలేదు’ అని చెప్పుకోవడం ఆయనకి ఒక గర్వం. పెళ్ళి మాటెత్తితే నవ్వేసేవాడు. మిగిలిన పొద్దంతా ఆ పుస్తకమే. అమెరికాలో బొమ్మల కథలు గీసినవాళ్ళలో కొత్త దారి తొక్కినవాళ్ళెవరు, పాత దారికే రంగులేసి అమ్ముకున్నవాళ్ళెవరు అని తూకం వేసి, తెలుగులో రాస్తున్నాడు. తూకానికి పెట్టుకున్న రాయి ఒక్కటే: దెబ్బ. ఎవడు దెబ్బని ఎలా గీశాడు, ఎవడి కంటితో చూసి గీశాడు?

అసలు పుస్తకాలు కొనాలంటే ఆయన జీతం చాలదు. అందుకే మిల్లుకి వచ్చేవాడు. మాణిక్యం ఏరి పెట్టేది. ఊరికే కాదు. ఏ పుస్తకంలో ఏముందో ముందు తనకి చూపించాలి, ఆ తర్వాతే పట్టుకెళ్ళాలి.

“నాకు కావాల్సింది కూడా అదేనండి,” అన్నాడాయన మొదటిసారి. “ఇంగ్లీషు ముక్క రాని కళ్ళు కావాలి. బొమ్మ ఒక్కటే ఎంత చెబుతోందో తెలియాలి.”

“ఇంగ్లీషు రాదనండి, ఒప్పుకుంటాను. చదువు రాదనకండి. రెండో తరగతి దాకా చదివేను. ఆ రోజుల్లో రెండో తరగతంటే ఇప్పటి మీ బీయే.”

ఆమె తాత తోలుబొమ్మలు ఆడించినవాడు. తెరకి కుడివైపు మంచివాళ్ళు, ఎడమవైపు చెడ్డవాళ్ళు నిలబడాలని ఆయన పద్ధతి. దీపం ముందు కూర్చుని పెరిగిన మాణిక్యానికి అదే కంటికి అలవాటు. అమెరికా బొమ్మనైనా అలాగే చదివేది.

“ఈ నల్లకోటాయన మంచోడు,” అనేది వేలు పెట్టి.

“ఆయన ఇప్పుడే ముగ్గుర్ని చంపేడండి.”

“కుడిపక్క నిలబడ్డాడు. చంపితే చంపేడు, ఏదో కారణం ఉంటాది.”

మాస్టారు పొట్ట పట్టుకుని నవ్వి, దాన్ని కూడా రాసుకునేవాడు.

గీసినవాళ్ళ పేర్లు ఆయన చెప్పేవాడు. మాణిక్యం నోరు తిరిగేది కాదు. తనే పేర్లు పెట్టుకుంది. ఒకడు గుద్దులాయన. వాడి బొమ్మల్లో పిడికిలి బొమ్మ చుట్టూ గీసిన గడి గీత దాటి బయటికి పొడుచుకొచ్చేది, చదివేవాడి ముక్కు మీదకే వస్తున్నట్టు. ఆ గీత దాటడం వాడి కంటే ముందు ఎవరికీ తోచలేదట. “గొప్పవాడేనండి, కాదనను,” అనేవాడు మాస్టారు. “కానీ పుస్తకం మొత్తం వెతకండి, దెబ్బ తిన్నవాడి మొహం ఒక్కచోట ఉందేమో. ఎగిరిపోతున్న చెప్పులుంటాయి, విరిగిన బల్ల ఉంటుంది. మొహం ఉండదు. కొట్టినవాడికి అక్కర్లేనిది ఈయనా గీయలేదు.”

ఇంకొకడు సందులాయన. వాడంటే మాస్టారికి ప్రాణం. ఒక గడిలో ఎత్తిన కర్ర, పక్క గడిలో నేల మీద ఒలికిన పాలు. అంతే. దెబ్బ ఎక్కడా లేదు. రెండు గడుల మధ్య తెల్లటి సందు మాత్రం ఉంటుంది.

“ఆ సందులో ఏం జరిగిందో మనమే ఊహించుకోవాలండి. అంటే కొట్టింది మనమే! చదివేవాడి చేత కొట్టిస్తాడండి ఆయన. ఇంతకంటే తెలివి ఉంటుందా?”

“తెలివి కాదు, తప్పించుకోడం,” అంది మాణిక్యం. “మా తాత రాక్షసుడి తల తెంపాలంటే తెంపేవాడు. తల కింద పడేది, పిల్లలు దడుచుకునేవారు. తెర దించేసి ‘మీరే ఊహించుకోండి’ అంటే ఊళ్ళోవాళ్ళు తాతనే తన్నుదురు.”

మూడోది ఒక ఆడమనిషి. నలుపు తప్ప ఇంకో రంగు లేదు ఆమె బొమ్మల్లో. మసి పూసినట్టుండేవి కాబట్టి మాణిక్యం ఆమెని మసావిడ అనేది. తన మొగుడు తనని కొట్టిన ఒకే ఒక్క పూటని పుస్తకమంతా గీసిందామె. అన్నీ ఒకే కొలత గడులు, అదే వంటగది, అదే కుర్చీ. ఒక్కో దెబ్బకి ఒక్కో గడి. ఏదీ వదల్లేదు, ఏదీ పెద్దది చేయలేదు. మాస్టారి దగ్గర సగం చిరిగిన పుస్తకమే ఉంది. అది చూసిన ప్రతిసారీ విసుక్కునేవాడు. “ఇందులో కళ ఏముందండి? పోలీసు రిపోర్టులా ఉంది” అనేవాడు. అయినా మిగిలిన సగం దొరక్కుండా ఆఖరి అధ్యాయం రాయలేనని, అచ్చువేసేవాడిని ఆపి ఉంచాడు.

మాస్టారి చేతికి చిల్లు పడిన రోజు నుంచీ వెంకటరాజు మారిపోయాడు. నవ్విన ఆడవాళ్ళ మీద కక్ష కట్టాడు. బేలు లారీ దిగుతుండగానే, వైరు తెంపకముందే, కొక్కెం దిగేసేవాడు. ‘పడింది! అంతా మిల్లుది!’ అని అరిచేవాడు. ఏరేవాళ్ళ చేతికి బొమ్మల పుస్తకం కాదు కదా, రంగు కాగితం ముక్క కూడా మిగలలేదు. ఎదురు చెప్పిన పిల్లని జుట్టు పట్టుకుని గుజ్జు తొట్టి దాకా ఈడ్చుకెళ్ళి, అంచు మీదకి వంచి, మూతికి గుజ్జు అంటేదాకా పట్టుకున్నాడు. మాస్టారు గేటు బయట నిలబడి చూసి వెళ్ళిపోయేవాడు.

అలాంటి రోజుల్లో ఒక లారీ నుంచి దిగిన బేళ్ళన్నీ ఏదో అమెరికా లైబ్రరీవి. పొద్దుపోయాక దిగాయి కాబట్టి వాటి మీద ఇంకా కొక్కెం పడలేదు. ఒకదాని పక్కన, వైరు కింద నలిగి, నల్లట్ట ఒకటి కనపడింది మాణిక్యానికి. అట్ట మీద మసావిడ గీసిన ఆ కుర్చీ బొమ్మ ఆమె ఎలా మరిచిపోతుంది? టీ కొట్టు దగ్గర మాస్టారికి చెప్పింది. ఆయన గంగయ్యని బతిమాలాడు.

“రాజుగారు టిఫినుకెళ్ళినప్పుడు వైరు తెంపండి గంగయ్య గారూ. కొక్కెం పడకముందు తెగితే చాలు. కట్టుబాటు ప్రకారమే కదండీ.”

“నన్ను చంపేత్తాడండి,” అన్నాడు గంగయ్య, బోసినోటితో నవ్వుతూ. కానీ ఆ నవ్వు చూస్తే తెలుస్తోంది, తెంపుతాడని. కట్టుబాటంటే ఆయనకీ పంతమే. వైరు తెంపడంలో ఆయన్ని మించినవాడు లేడు. బిగుసుకున్న వైరు తెగితే పాములా లేచి మనిషిని చీరేస్తుంది. గంగయ్య మడమతో తొక్కిపట్టి తెంపితే పిల్లిలా పడుకునేది.

మర్నాడు టిఫిను వేళ తెంపాడు. వైరు టంగుమంది, బేలు విచ్చుకుంది, నల్లట్ట పుస్తకం జారి మాణిక్యం ఒళ్ళో పడింది. గేటు దాటి లోపలికొచ్చిన మాస్టారికి ఆమె అందించింది. ఆయన అక్కడే నిలబడి పేజీలు తిప్పుతున్నాడు, ఆకలి మీదున్నవాడు అన్నం కలిపినట్టు.

వెంకటరాజు ఆ వేళ టిఫినుకి వెళ్ళలేదు. తూకం గది వెనక నుంచి వచ్చాడు.

“ఎవడ్రా తెంపింది?”

“వైరు తుప్పండి రాజుగారూ,” అన్నాడు గంగయ్య నవ్వుతూ, వైరు తెంపే పెద్ద కట్టరు కాళ్ళ దగ్గర పడేసి. “దానంతటదే ఇలా...”

ఆ నవ్వే ఆయన కొంప ముంచింది. కొక్కెం లేచింది. భుజం మీదకే వచ్చిందది. గంగయ్య తప్పుకోబోయి తల తిప్పాడు. మొన కుడికంట్లో దిగింది. ఈ మాట ఇంతకంటే మెత్తగా చెప్పడం మాణిక్యానికి చేతకాదు. కన్ను కొక్కేనికి వచ్చేసింది. గంగయ్య అరవలేదు. రెండు చేతులతో మొహం మూసుకుని, జారిపోతున్నదేదో ఆపుకుంటున్నట్టు మోకాళ్ళ మీద కూలబడ్డాడు. వేళ్ళ సందుల్లోంచి కారింది.

ఆడవాళ్ళు గొల్లుమన్నారు. నలుగురు గంగయ్యని ఎత్తుకుని గేటు వైపు పరిగెత్తారు, మిగతావాళ్ళు ఆటో కోసం రోడ్డెక్కారు. మాణిక్యం మోకాళ్ళు లేవనివ్వలేదు. కాగితాల మధ్య అలాగే ఉండిపోయింది. అందుకే తర్వాత జరిగింది పూర్తిగా చూసిన మనిషి ఆమె ఒక్కతే.

మాస్టారి చేతిలోంచి పుస్తకం పడిపోయింది. ఆయన వంగాడు. పుస్తకం కోసమే అనుకుందామె. తీసింది గంగయ్య కట్టరు. చెయ్యంత పొడుగు ఇనుము. మొదటి దెబ్బ మోకాలి చిప్పకి తగిలింది. వెంకటరాజు వంగిపోయాడు, కొక్కెం ఎగిరి దూరంగా పడింది. రెండో దెబ్బకి మోచెయ్యి పుల్లలా విరిగిన చప్పుడు వినపడింది. మనిషి వెల్లకిలా పడ్డాడు.

అక్కడితో ఆగి ఉంటే యార్డంతా మాస్టారికి హారతి పట్టేది.

ఆగలేదు. పడ్డవాడి పక్కన రెండు కాళ్ళూ ఎడంగా పెట్టి నిలబడి కొట్టాడు. పక్కటెముకలు, తొడలు. తిట్టలేదు, అరవలేదు, పళ్ళు కొరకలేదు. పరీక్ష పేపర్లు దిద్దేటప్పుడు ఉండే శ్రద్ధ ఉంది ఆ మొహంలో. ఒక దెబ్బ సరిగ్గా తగలకపోతే, కాస్త జరిగి, మళ్ళీ వేశాడు. మాణిక్యానికి భయం వేసింది అప్పుడే, గంగయ్య కన్ను పోయినప్పుడు కూడా అంత వేయలేదు.

“వద్దు మాస్టారూ,” అన్నాడు వెంకటరాజు. విరగని చెయ్యి పైకెత్తాడు. “వద్దు బాబూ, ఆడపిల్లలున్నారు నాకు...”

కట్టరు దవడ మీద పడింది. ఆ తర్వాత అతను మాట్లాడలేకపోయాడు.

మాణిక్యం ఎలా లేచిందో ఆమెకే తెలియదు. వెళ్ళి మాస్టారి చెంప ఛెళ్ళుమనిపించింది. “ఛీ! చచ్చేడు, చాలదా?”

ఆయన ఆమె వైపు చూశాడు, ఎవరీ ముసలమ్మ అన్నట్టు. తర్వాత చేతిలో ఉన్నదేంటో చూసుకున్నాడు. కట్టరు వదిలేసి కాగితాల మీద కూర్చుండిపోయాడు.

వెంకటరాజు చావలేదు. దవడకి తీగలు కట్టి నోరు బిగించారు, కాకినాడలో. గంగయ్య రాజమండ్రి పెద్దాసుపత్రిలో పడుకున్నాడు, కంటి గుంట కుట్టేశారు. మిల్లు ఓనరు చక్కటి కథ అల్లాడు. వైరు తెగి గంగయ్య కంట్లో కొట్టింది. మేస్త్రీ కాపాడబోయి బేళ్ళ మీంచి జారిపడ్డాడు. రెండూ ప్రమాదాలే. వెంకటరాజుకీ ఆ కథ నచ్చింది, నోరు లేకపోయినా తలాడించాడు. బడిపంతులు చేతిలో తన్నులు తిన్నానని ఏ మొహంతో చెప్పుకుంటాడు? ఆడవాళ్ళకీ నచ్చింది, మాస్టారు బయటపడతాడు కదా.

గంగయ్యకి నచ్చలేదు. ఆసుపత్రిలో చూడబోయిన మాణిక్యంతో, గోడ వైపు తిరిగి పడుకునే అన్నాడు: “కన్ను పోతే పోయింది. వైరు తగిలిందంటన్నారు చూడు, అది నేను పడలేను. నా చేతిలో వైరు ఏనాడైనా లేచిందా? చేతగానివాడి కింద రాసేత్తారా నన్ను?”

“మరి నిజం చెప్పు.”

“చెబితే మాస్టారు లోపలికి పోతాడు. ఒకటి లాగితే రెండోది వచ్చేత్తాది.”

అందరికంటే దగ్గరగా కూర్చున్నది ఆమే కాబట్టి, వచ్చి వాంగ్మూలం ఇమ్మని ఎస్సై గారు కబురు పెట్టారు. మాణిక్యం సిద్ధంగా ఉంది. అబద్ధం ఆడటం ఆమెకి కొత్త కాదు, ఆడితే తడబడే రకమూ కాదు. వాకిట్లో కూర్చుని బొమ్మిడాయి చేపలకి బూడిద రాసి తోముతూ, జారిపడ్డాడు, జారిపడ్డాడు అని నోరు తిప్పుకుంటుంటే, ఎండలో మాస్టారు వచ్చాడు. గడ్డం మాసి ఉంది. ఎడమ చేతి మచ్చ ఎర్రగా మెరుస్తోంది.

“రండి మాస్టారూ. చేపల వాసన పట్టకపోతే కూర్చోండి.”

అరుగు మీద కాదు, ఆమె ఎదురుగా నేల మీదే కూర్చున్నాడు.

“సందులాయన మీద రాసిందంతా చింపేసేనండి మామ్మగారూ.”

“ఇప్పుడా దిక్కుమాలిన బొమ్మల గోల దేనికి?”

“రెండేళ్ళు రాసేనండి అది. దెబ్బ గీయకపోవడమే గొప్ప అని. ఇప్పుడు ఓనరు గారు చేసిందేంటి? ఎత్తిన కర్ర ఒక గడి, ఆసుపత్రి మంచం ఒక గడి. మధ్యలో తెల్లగా వదిలేసేరు. నేను ఆ తెల్లటిదాంట్లో హాయిగా కూర్చున్నానండి. అన్నం తిన్నాను, క్లాసుకెళ్ళేను, పిల్లలు నమస్తే సార్ అన్నారు. ఎంత సుఖంగా ఉందో చెప్పలేను.”

“ఉండండి మరి! సుఖం చేదా? ఆ రాజుగాడేమైనా దేవుడా? ముసలాడి కన్ను పెరికేడు.”

“పెరికేడండి. అది చెప్పాలంటే నాది కూడా చెప్పాలి. గంగయ్య గారు నా కోసం నోరు మూసుకుని, వైరు తెంపడం రానివాడి కింద మిగిలిపోతున్నారు. తెంపమని బతిమాలింది నేను.”

“ఉద్యోగం పోద్ది. జైల్లో పెడతారు. ఆ పుస్తకం ఎవడు వేస్తాడు?”

“ఎవరూ వెయ్యరు.”

“మీరే పోయి చెప్పుకోండి మరి, నన్నెందుకు ముంచడం?”

“వెళ్ళేనండి, పొద్దున్నే. ఎస్సై గారు నవ్వేరు. మీలాంటి మర్యాదస్తులు కొట్టడమేంటి మాస్టారూ, షాకులో ఉన్నారు, ఇంటికెళ్ళి పడుకోండి అన్నారు. రాసుకోలేదు. చూసిన మనిషి చెబితేనే రాస్తారట.”

మాణిక్యం తోమిన చేపనే తీసి మళ్ళీ బూడిదలో పడేసింది. “మీ నాన్న మట్ట పుచ్చుకున్నాడని చెప్పండి కోర్టులో. జాలి పడతారు.”

“చిట్టియ్య గారిని ఇందులోకి తేవద్దండి. ఆ పూట నాకు ఆయన గుర్తు రాలేదు. కోపం కూడా మొదటి రెండు దెబ్బల దాకానే ఉంది. తర్వాత బాగుందండి. మీకు తెలిసే ఉంటుంది, నా మొహం చూసేరు కదా.”

ఆ మొహం ఆమె చూసింది.

మాస్టారు చెంబుతో నీళ్ళు తీసుకుని ఆమె బూడిద చేతుల మీద పోశాడు, స్టేషనుకి ఇప్పుడే బయలుదేరదీసేలాగా.

“గంగయ్య గారి కంట్లో కొక్కెం దిగడం దగ్గర మొదలుపెట్టండి మామ్మగారూ. వైరు తగల్లేదని గట్టిగా చెప్పండి. తర్వాత నాది. చేతిలో ఏముందో, ఎక్కడెక్కడ కొట్టేనో, అతను కింద పడిపోయాక ఎంతసేపు కొట్టేనో. కోపంలో కొట్టేడు పాపం అనకండి. నా మొహం ఎలా ఉందో మీరు చూసింది చూసినట్టు చెప్పండి. ఇంకొకటుంది. ‘వద్దు మాస్టారూ, ఆడపిల్లలున్నారు’ అన్నాడు అతను. అది విని కూడా నేను కట్టరు ఎత్తేను. ఆ మాట అతను ఇక చెప్పుకోడు, దానికి మీరూ నేనూ తప్ప సాక్షి లేదు. అది మాత్రం మరిచిపోకుండా చెప్పండి.”